రెండో మెషిన్ గొట్టంలో గోరింకలు

1957 ఎండాకాలం. జంషెడ్‌పూర్‌లో సాక్చి బజారుకు దగ్గరగా ఉన్న ఒక సినిమా హాల్లో నేను ఆపరేటర్‌ని. ఆపరేటర్ అంటే తెర మీద బొమ్మ ఆడించేవాడు. బాల్కనీకి వెనక, మెట్లెక్కి వెళ్తే ఒక ఇరుకు గది ఉంటుంది. దాన్ని కేబిన్ అంటాం. అక్కడ కూర్చుని ఉద్యోగమంతా గడిపాను. హాలు నిండా జనం ఉన్నా ఆపరేటర్ మొహం ఎవరికీ తెలియదు. బొమ్మ ఆగితే మాత్రం అందరూ వెనక్కి తిరిగి వాణ్ని తిడతారు. మా పని అలాంటిది. ఇన్నేళ్లలో ఏ ఆట బాగా గుర్తుందని అడిగితే, తడుముకోకుండా ఆ ఆదివారం పొద్దుటి ఆట గురించే చెబుతాను. ఇప్పుడు చెబుతున్నా నాకు ఒళ్లు పులకరిస్తుంది.

హోలీ అయ్యాక మా హాలు మరమ్మతుకని మూసేశారు. కొత్త తెర వేశారు. పాత బెంచీలు తీసేసి, లేవగానే మడుచుకునే కుర్చీలు బిగించారు. లోపలా బయటా సున్నం కొట్టారు. మళ్లీ తెరిచే రోజు సాయంత్రం హిందీ ఆట. కానీ ఆ పొద్దున్నే తెలుగు ఆటకి హాలు ఇచ్చారు. ఊళ్లో తెలుగువాళ్లు వేలల్లో ఉన్నా తెలుగు బొమ్మ రావడం ఎప్పుడో గాని లేదు. వచ్చినా ఆదివారం పొద్దున ఒకే ఒక్క ఆట. అందుకని విజయనగరం, శ్రీకాకుళం వైపు నుంచి వచ్చి ఉక్కు కార్ఖానాలో పనిచేసే వాళ్లంతా పిల్లాజెల్లాతో, అన్నం మూటలతో బయలుదేరేవారు. జుగ్సలాయి నుంచి, ఖర్కాయి నది అవతలి నుంచి కూడా నడిచి వచ్చేవారు.

ఆట ఏర్పాటు చేసింది తెలుగు సంఘం సెక్రటరీ జోసెఫ్ గారు. విశాఖపట్నం మనిషి. కార్ఖానాలో రేకు పని చేసేవారు. బొమ్మ పెట్టెలు ఖరగ్‌పూర్ నుంచి శనివారం బండిలో వచ్చాయి. ఆదివారం సాయంత్రం బండికి చక్రధర్‌పూర్ వెళ్లిపోవాలి. అక్కడి రైల్వే కాలనీ తెలుగువాళ్లు వాటి కోసం కాచుకుని ఉన్నారు. కాబట్టి ఆ పొద్దున ఆడకపోతే ఇక మా ఊరివాళ్లు ఆ బొమ్మ చూసే దారి లేదు.

మా పని గురించి కాస్త చెప్పాలి. సినిమా అంతా ఒకే చుట్టగా రాదు. ఇరవై దాకా రీళ్లుగా వస్తుంది. ఒక్కో రీలు పది నిమిషాలు. అందుకే కేబిన్‌లో రెండు ప్రొజెక్టర్లు ఉంటాయి. ఒకదానిలో ఒక రీలు నడుస్తుండగా రెండోదానిలో తర్వాతి రీలు ఎక్కించి ఉంచుతాం. రీలు చివర తెర మూలన చిన్న చుక్క మెరుస్తుంది. అది చూసి మొదటి మెషిన్ వెలుగు మూసి, రెండోదాని వెలుగు వదులుతాం. దీన్ని చేంజ్ ఓవర్ అంటారు. బాగా చేస్తే చూసేవాళ్లకి తెలియనే తెలియదు. ఆ వెలుగు కూడా బల్బుది కాదు. లాంప్ హౌస్ అనే ఇనప పెట్టెలో రెండు కార్బన్ కడ్డీలు ఎదురెదురుగా ఉంటాయి. వాటి మొనలు తాకించి విడదీస్తే మధ్యలో కళ్లు చెదిరే మంట పుడుతుంది. అది ఆర్క్. దాని పొగా వేడీ రేకు గొట్టంలోంచి కప్పు మీదికి పోతాయి. రెండు మెషిన్లకి రెండు గొట్టాలు.

శనివారం ఒకటో మెషిన్ సరిచూసుకున్నాను. రెండోదానికి కలకత్తా నుంచి రావలసిన, వెలుగుని ఫిల్ము మీదికి కొట్టే అద్దం ఆ సాయంత్రానికి గాని చేరలేదు. ఆదివారం పొద్దున్నే బిగించి, పరీక్షగా ఆర్క్ ముట్టించాను. పొగ పైకి పోలేదు. తిరిగి కేబిన్‌లోకే కమ్ముకొచ్చింది. ఆ వెంటనే నెత్తిమీద గొట్టంలోంచి కీచుకీచుమని అరుపులు! నాతో పనిచేసే రామ్‌ధనీ ఛప్రా వైపు మనిషి, నాకన్నా పెద్దవాడు. దగ్గుతూనే హిందీలో కేకేశాడు.

"బంద్ కరో భయ్యా! గొట్టంలో ప్రాణాలున్నాయి!"

స్విచ్చి లాగేశాను. అరుపులు ఆగిపోయాయి. చచ్చిపోయాయేమో అనుకున్నాను. వెనక గోడకున్న ఇనప నిచ్చెన పట్టుకుని కప్పు మీదికి పరుగెత్తాను. సున్నం వేసినవాళ్లు గొట్టాల మీది రేకు టోపీలు తీసి, మళ్లీ పెట్టకుండా పక్కన పడేసి వెళ్లారు. రెండో గొట్టంలోకి తొంగి చూడబోయానో లేదో, రెండు గోరింకలు నా నెత్తి మీదికి వచ్చిపడ్డాయి. ఒకటి చెవి దగ్గర రెక్కతో కొట్టింది. చెయ్యి అడ్డం పెట్టుకుని లోపలికి చూశాను. చేతికి అందనంత లోతున, గొట్టం వంపు తిరిగే చోట గడ్డి, కాగితాలు, ఈకలు. వాటి మధ్య నాలుగు పసుపుపచ్చ నోళ్లు ఒక్కసారిగా తెరుచుకున్నాయి.

"జిందా హై! చారో జిందా!" అని అక్కణ్నుంచే అరిచాను. బతికే ఉన్నాయి, నాలుగూ. కింద రామ్‌ధనీ చప్పట్లు కొట్టడం వినిపించింది.

కానీ ఆ సంతోషం ఎంతసేపు? అప్పటికే గేటు దగ్గర జనం పోగయ్యారు. మా మేనేజర్ ఘోష్ బాబు, జోసెఫ్ గారు ఇద్దరూ కప్పు మీదికి వచ్చారు. ఘోష్ బాబు హిందీలోనే మాట్లాడేవారు.

"కొక్కెం గెడ తెచ్చి లాగెయ్, సత్యం. ఐదు నిమిషాల పని," అన్నారు.

"లాగితే గూడు రాదు బాబూ, పిల్లలు చీలికలై వస్తాయి. వదిలేసి ఆర్క్ ముట్టిస్తే ఆ గడ్డి అంటుకుంటుంది. కింద ఉన్నది ఫిల్ము, ఒక్క నిప్పురవ్వ చాలు," అన్నాను.

"మరి ఒక్క మెషిన్‌తో ఆడిస్తావా? ప్రతి రీలుకీ లైట్లు వెయ్యాలి. పబ్లిక్ ఊరుకుంటుందా? నిన్న బిగించిన కుర్చీలు! మధ్యాహ్నానికి ఒక్కటి మిగలదు."

ఆయన భయం ఉత్తది కాదు. బొమ్మ ఆగినందుకు కుర్చీలు విరగ్గొట్టడం, తెర చింపడం మేమంతా చూసినవే. జోసెఫ్ గారు కూడా చిరాకుగానే ఉన్నారు.

"ఇంతమందిని పిలిచి కూర్చోబెట్టాను. పిట్ట గూడుందని చెబితే నా మొహాన ఉమ్మేస్తారయ్యా. తీసెయ్, పాపం నాది," అన్నారు.

"పాపం సంగతి తరవాత. ముందోపాలి సూడండి," అన్నాను.

ఆయన గొట్టం అంచున గడ్డం ఆనించి చూశారు. తల ఎత్తలేదు. లోపల పిల్లలు తల్లి వచ్చిందనుకుని గోల మొదలుపెట్టాయి. కాసేపటికి లేచి, చేతులకున్న మసి తుడుచుకుంటూ, "నలుగురున్నారయ్యా," అన్నారు. నలుగురు అన్నారు, నాలుగు అనలేదు. "మరి కింద వాళ్లకెవరు చెబుతారు?"

"నాను సెప్తాను," అన్నాను. ఎలా అన్నానో ఇప్పటికీ తెలియదు. అప్పటిదాకా నేను తెర ముందు నిలబడి ఎరగను.

హాలు నిండిపోయాక కొత్త తెర ముందుకి వెళ్లాను.

"నాను ఆపరేటర్ని. నా పేరు సత్యం. రెండో మెషిను పొగ గొట్టంలో గోరింక గూడెట్టింది. నాలుగు పిల్లలున్నాయి, రెక్కలింకా రానేదు. మెషిను ముట్టిత్తే మాడిపోతాయి. గెడతో లాగితే సచ్చిపోతాయి. అందుకని ఒక్క మెషినుతోనే బొమ్మాడిత్తాను. రీలు రీలుకీ ఆగుతాది. బొమ్మ మాత్రం ఒక్క ముక్క పోకుండా మొత్తం సూపిత్తాను."

ముందు వరసల్లోంచి ఒకడు లేచి, "ఏటీ! పిట్టల కోసం బొమ్మాపుతావేటి?" అని అరిచాడు. ఈలలు మొదలయ్యాయి. ఘోష్ బాబు తలుపు దగ్గర కళ్లు మూసుకున్నారు. అప్పుడు ఆడవాళ్ల వైపు నుంచి ఒక గొంతు ఖంగుమంది. జుగ్సలాయి గోదాముల్లో గోనెసంచులు కుట్టే పైడమ్మ. చంకలో బిడ్డ, చేతిలో అన్నం మూట.

"ఎవుడ్రా అది? నీ గుంటలు తొంగున్న గదిలో ఎవులైనా పొగెడితే ఊరుకుంటావేటి? ఆగితే ఆగుతాది. ఆగినప్పుడల్లా గుంటలకి ఇంత ముద్దెట్టుకుంటాం. నువ్వాడించు బాబూ!"

గుంటలంటే మా వైపు పిల్లలే. హాలంతా నవ్వింది. "ఆడించు, ఆడించు" అని అక్కడక్కడా కేకలు. నేను మెట్లన్నీ ఒక్క ఊపున ఎక్కేశాను.

"ఇప్పుడు సరే అంటారు. కత్తి ఎత్తిన చోట రీలు ఆగినప్పుడు చూడు," అన్నారు వెనకే వచ్చిన ఘోష్ బాబు.

సరిగ్గా అలాగే జరిగింది. అదొక జానపదం బొమ్మ. రెండో రీలు చివర మాంత్రికుడు రాకుమారుడి మెడ మీదికి కత్తి ఎత్తాడు. ఎత్తిన కత్తి ఎత్తినట్టే ఉండగా బొమ్మ ఆగింది. హాల్లో లైట్లు వెలిగాయి. ఒక్కసారిగా హోరు! నా చేతులు రీలు మార్చే పనిలో ఉన్నా చెవులన్నీ కిందే ఉన్నాయి. కానీ ఆ హోరు తిట్లవి కాదు. "నరికీత్తాడు!" "నరకడెహె, పామొత్తాది సూడు!" అని వాదులాడుకుంటున్నారు. మూడో రీలు మొదలై రాకుమారుడు తప్పించుకోగానే, ముందే చెప్పినవాళ్లు గెలిచినట్టు చప్పట్లు కొట్టారు. రామ్‌ధనీకి తెలుగు రాదు. అయినా అతనూ కేబిన్ కిటికీలోంచి చూస్తూ చప్పట్లు కొట్టాడు.

అయితే కప్పు మీద పరిస్థితి బాగాలేదు. జోసెఫ్ గారు బొమ్మ చూడకుండా అక్కడే కాపు కాశారు. మూడో రీలు అయ్యాక కేబిన్‌లోకి తొంగి చూసి నెమ్మదిగా చెప్పారు.

"తల్లి రావట్లేదయ్యా. ఒకటో గొట్టం పొగ గాలికి అటే పోతోంది. నోట్లో మిడత పెట్టుకుని గోడ మీదికొచ్చి, పొగ చూసి వెనక్కి పోతోంది. పిల్లల అరుపు సన్నబడిపోయింది."

ఇంతచేసీ ఆకలితో చంపుతామా అనిపించింది. ఈ మాట కిందికి కూడా పాకింది. లైట్లు వెలగగానే పైడమ్మ వెనక్కి తిరిగి, "ఏటైనాది? తల్లి వచ్చిందా నేదా?" అని కేకేసి అడిగింది. "ఇంకా నేదు," అన్నాను. హాల్లో చాలామంది నిట్టూర్చారు.

జోసెఫ్ గారు ఇక ఊరుకోలేదు. మరమ్మతులో పీకేసిన పాత బోర్డు రేకు ఒకటి కప్పు మీద పడి ఉంటే, దాన్ని మోకాలి కింద పెట్టి సుత్తితో వంచడం మొదలుపెట్టారు. తెర మీద రాకుమారి పాట, పైన ధనధన సుత్తి దెబ్బలు. ఆ రేకుని ఒకటో గొట్టం మూతికి డొప్పలా కట్టి, పొగని అవతలి వైపుకి మళ్లించారు. నేను ఆర్క్ మీద ఒక కన్ను, పైకప్పు మీద ఒక చెవి పెట్టుకుని కూర్చున్నాను.

ఐదో రీలు నడుస్తోంది. యుగళగీతం. బాల్కనీ తలుపు ధడాలున తెరుచుకుంది. సంఘం సెక్రటరీ, ఎప్పుడూ ఇస్త్రీ చొక్కాలో నెమ్మదిగా మాట్లాడే పెద్దమనిషి, మసి మొహంతో బాల్కనీ కమ్మీ పట్టుకుని గొంతు చించుకుని అరిచారు.

"వచ్చిందర్రా! తల్లి వచ్చింది! మేత పెట్టింది!"

ఆ హోరు నేను జన్మలో మరిచిపోను. చప్పట్లు, ఈలలు, పిల్లల కేకలు. పాట ఒక్క ముక్క వినబడలేదు. తలపాగాలు గాల్లోకి లేచి వెలుగు దారికి అడ్డం పడ్డాయి. వాటి నీడలు తెర మీద రాకుమారి మొహం మీదుగా ఎగిరాయి. రామ్‌ధనీ నన్ను పట్టుకుని గిరగిరా తిప్పాడు. "భయ్యా, ఆర్క్ చూడనీ!" అని నవ్వుతూ విడిపించుకున్నాను.

అక్కణ్నుంచి ఆట తీరే మారిపోయింది. రీలు ఆగడం ఆలస్యం, "ఏటి తెచ్చింది?" అని కింది నుంచి అడిగేవారు. "మిడత!" అని బాల్కనీలోంచి జోసెఫ్ గారి జవాబు. ఇంకో రీలుకి "పురుగు!" మరో రీలుకి "జిలేబీ ముక్క!" సాక్చి బజారులో ఎక్కడ కొట్టేసిందో, ఆ జిలేబీకి హాలంతా పడిపడి నవ్వింది. ఒక పెద్దాయన లేచి రెండు పద్యాలు పాడాడు. అన్నం మూటలు వరసలు దాటి చేతులు మారాయి. నాకూ రామ్‌ధనీకీ ఎవరో ఆవకాయ ముద్దలు పైకి పంపారు. ఆ కారానికి రామ్‌ధనీ కళ్లలో నీళ్లు తిరిగాయి, కానీ ఒక్క మెతుకు వదల్లేదు.

కష్టం చివరికి వచ్చింది. ఇంకా రెండు రీళ్లున్నాయనగా లాంప్ హౌస్ మీద చెయ్యి పెట్టబోతే సెగ తగిలింది. మెషిన్ అన్ని గంటలు ఒంటరిగా పనిచేయడానికి చేసింది కాదు. ఒకటి విశ్రాంతి తీసుకుంటుంటే ఒకటి పనిచెయ్యాలి. అలాగే నడిపితే అద్దం పగలవచ్చు. గేటు, అంటే వెలుగు ఫిల్ము గుండా పోయే చిన్న కిటికీ, అక్కడ ఫిల్ము అంటుకుని కాలవచ్చు.

"పావుగంట ఆపాలి," అన్నాను.

ఘోష్ బాబు తల పట్టుకున్నారు. "ఇప్పుడా? మాంత్రికుడు చావబోతున్నాడు! ఇంతసేపు మంచిగా ఉన్నారు. ఇప్పుడు ఆపితే ఉండరు."

ఆపాను. లైట్లు వెలిగాయి. కేబిన్ కిటికీలోంచి తల పెట్టి, మెషిన్ వేడెక్కింది, చల్లారాక చివరి రెండు రీళ్లు వేస్తానని చెప్పాను. కిందికి వినబడిందో లేదో తెలియదు. ఒక నిమిషం గుసగుసలు. ఆ తర్వాత ధనధనధన! హాలంతా కుర్చీల చప్పుడు. ఈ చివర నుంచి ఆ చివరకు, వందల కుర్చీలు.

"గయా! సబ్ గయా!" అంతా పోయిందంటూ ఘోష్ బాబు మెట్ల మీద పరుగు తీశారు. నేను వెనకే. కింద తలుపు తోసి చూస్తే హాలు ఖాళీ. కుర్చీలన్నీ చెక్కుచెదరకుండా వరసల్లో ఉన్నాయి. అంతమందీ ఒక్కసారి లేచేసరికి కొత్త కుర్చీలు వాటంతట అవే మడుచుకున్న చప్పుడు అది! ఘోష్ బాబు ఒక కుర్చీని కిందికి నొక్కి వదిలారు. అది ధనుమంది. ఆయన పకపకా నవ్వేశారు.

జనమంతా వెనక పెరట్లో ఉన్నారు. తలలన్నీ పైకి ఎత్తి, ఎండకి చేతులు అడ్డం పెట్టుకుని నిలబడ్డారు. కప్పు అంచున గోరింక వాలింది. ముక్కున ఏదో వేలాడుతోంది. కిందున్న గుంపుని చూసి అక్కడే ఆగిపోయింది.

"ఎవులూ కదలొద్దు," అంది పైడమ్మ. కేక కాదు, గుసగుస. అయినా అందరికీ వినబడింది.

చంటిబిడ్డల నోళ్లు తల్లులు అరచేత్తో మూశారు. పొద్దున నా మీద అరిచిన మనిషి తన కూతుర్ని భుజాల మీద ఎక్కించుకుని, ఊపిరి బిగబట్టి చూస్తున్నాడు. అన్ని వందల మంది అంత నిశ్శబ్దంగా ఉండగలరని నాకు అప్పటిదాకా తెలియదు. గోరింక తల అటూ ఇటూ తిప్పింది. రెండు గెంతులు గెంతి గొట్టం అంచు మీదికి ఎగిరింది. రెక్కల్లో తెల్ల మచ్చలు తళుక్కుమన్నాయి. లోపలికి దిగింది. నాలుగు గొంతులూ ఒకేసారి లేచాయి. కింద నిలబడ్డ మా అందరికీ స్పష్టంగా వినబడ్డాయి.

చప్పట్లు కొట్టబోయిన వాళ్ల చేతులు పక్కవాళ్లే పట్టుకున్నారు. మొహాలు మాత్రం వెలిగిపోతున్నాయి. నవ్వుకుంటూ, ఒకరినొకరు తోసుకోకుండా అందరూ లోపలికి నడిచారు.

చివరి రెండు రీళ్లు ఏ అడ్డూ లేకుండా ఆడాయి. మాంత్రికుడు చచ్చాడు. పెళ్లి అయింది. సగం బొమ్మ చూడని జోసెఫ్ గారికి పైడమ్మ గేటు దగ్గర నిలబడి కథంతా చెప్పింది. పెట్టెలు సాయంత్రం బండికి చక్రధర్‌పూర్ వెళ్లాయి. జోసెఫ్ గారు మాత్రం ఇంటికి వెళ్లలేదు. రివెట్లు, రేకు, కత్తెర తెచ్చుకుని, రెండో మెషిన్ పొగ పక్క గోడ వెంటిలేటర్ గుండా పోయేలా కొత్త వంపు గొట్టం బిగించారు. హిందీ ఆటకి రెండు మెషిన్లూ నడిచాయి. పాత గొట్టం కింద మూత వేసి గోరింకలకి వదిలేశాం.

కొన్నాళ్లకి ఒక మధ్యాహ్నం పిల్లలు గొట్టం అంచు మీదికి వచ్చాయి. టికెట్ల వరసలో ఎవరో చూసి కేకేశారు. ఎవరూ చోటు వదలని ఆ వరస క్షణంలో చెదిరిపోయింది. మూడు పిల్లలు ఒకదాని వెనక ఒకటి ఎదుటి వేపచెట్టుకి ఎగిరాయి. నాలుగోది చాలాసేపు తటపటాయించి, చివరికి ఎగిరి, బుకింగ్ కిటికీ చూరు మీద పడింది. అక్కణ్నుంచి తల్లి పిలిస్తే చెట్టెక్కింది. ఘోష్ బాబు ఆ రోజు ఆట ఆలస్యంగా మొదలుపెట్టమన్నారు.

ఆ తర్వాత మళ్లీ తెలుగు బొమ్మ వచ్చినప్పుడు నేను పట్టుదలగా పనిచేశాను. రెండు మెషిన్లు, ఒక్క చేంజ్ ఓవర్ కూడా తెలియనివ్వలేదు. గర్వంగా కిందికి దిగాను. పైడమ్మ గేటు దగ్గరే పట్టుకుంది.

"ఇదేటి బాబూ, ఈపాలి ఒక్కసారైనా ఆపనేదు? ఎవులితోనూ ఒక్క మాటాడనేదు, ముద్ద తిననేదు. సీకట్లో ఒంటరిగా కూకున్నట్టుంది!"

చుట్టూ ఉన్నవాళ్లు అవునవునన్నారు. హాలు కొన్నాళ్లు మూసి మళ్లీ తెరిచినప్పుడల్లా, ఆర్క్ ముట్టించే ముందు గొట్టాలు చూడాలని ఆ ఆదివారం నేర్చుకున్నాను. దాన్ని తర్వాత నా దగ్గర పని నేర్చుకున్న వాళ్లందరికీ నేర్పాను. కానీ నాకు అంతకన్నా ఎక్కువ పనికొచ్చింది ఇంకొకటి. అప్పటిదాకా కేబిన్ కిటికీలోంచి చూసి, జనం అంటే ఎప్పుడు తిరగబడుతుందో తెలియని చీకటి అనుకునేవాణ్ని. ఆ తర్వాత మెషిన్ ఎప్పుడు మొరాయించినా నేను కేబిన్ తలుపు వేసుకుని కూర్చోలేదు. లైట్లు వేసి, మెట్లు దిగి, తెర ముందు నిలబడి, ఏం జరిగిందో వాళ్లకే చెప్పేవాణ్ని. ఒక్కసారి కూడా కుర్చీ విరగలేదు.